వెనక్కి చూడకూడని దారి

నగసె చిజురుకి అత్తగారి మీద ఉన్న ఫిర్యాదుని ఏ పోలీసు స్టేషన్‌లోనూ తీసుకోరు. టోక్యో నేర పరిశోధన విభాగంలో తనే ఇన్‌స్పెక్టరు కదా, రాసి పడేద్దామంటే దానికి సెక్షను దొరకదు. హత్సుయే గారికి థాంక్స్ చెప్పే జబ్బు ఉంది. ఈ పొద్దున బస్సెక్కుతూ బస్సు తలుపుకి చెప్పింది. ఎర్రదీపం దగ్గర బస్సు ఆగితే, "కాసేపు ఊరు చూసుకోనిచ్చావు, చల్లగా ఉండు నాయనా" అని సిగ్నలు స్తంభానికి చెప్పింది. డబ్బులేస్తే చల్లటి టీ సీసా పడేసిన మిషనుకి నడుం వంచి దండం పెట్టింది. వెనక క్యూలో ఉన్నవాళ్ళు ఆమె లేచేదాకా ఆగి, మొహమాటానికి తామూ మిషనుకి తలలూపారు.

అంత ధారాళమైన నోరు ఇరవై రెండేళ్ళ కాపురంలో ఒక్కసారి కూడా "నాదే తప్పు" అనగా చిజురు వినలేదు. పులుసులో ఉప్పు ఎక్కువైతే ఆ ఏడు సముద్రం అలా ఉందన్నమాట. చిజురు పుట్టింటివాళ్ళిచ్చిన టీ కూజా ఆవిడ చేతిలోంచి జారి పగిలినప్పుడు, "దాని ఆయుష్షు తీరింది పాపం, ఇన్నాళ్ళు సేవ చేసింది" అని పెంకులకి థాంక్స్ చెప్పి మరీ చెత్తబుట్టలో వేసింది.

ఈ ఒక్కరోజు యాత్ర కూడా థాంక్స్ చెప్పడానికే. చలికాలంలో చిజురు భర్త యసువోకి గుండె ఆపరేషను జరిగింది. బల్ల మీద గుండె ఆగి, మళ్ళీ కొట్టుకుంది. డాక్టర్లు తమ గొప్ప అనుకున్నారు. కుజుమి సరస్సు ఒడ్డున పుట్టి పెరిగిన హత్సుయే గారు మాత్రం, అది సరస్సులో ఉండే నాగదేవుడి దయ అని అప్పుడే తేల్చేసింది. మొక్కు చెల్లించాలి. పొద్దున బస్సు, మధ్యాహ్నం లాంచీలో సరస్సు విహారం, ఆ లాంచీలోంచే నాగదేవుడి ఉత్సవం, ఐదింటికి తిరుగు బస్సు. యాత్రల కంపెనీ పెట్టిన ప్యాకేజీ అది. యసువోని పథ్యంతో ఇంట్లో వదిలి అత్తాకోడళ్ళు బయల్దేరారు.

నాలుగు దాటింది. లాంచీ రేవులో కట్టేసి ఉంది. పోలీసులు ఎవర్నీ దిగనివ్వడం లేదు.

"సెలవులో వచ్చారట కదా నగసె గారూ," అన్నాడు రేవు స్టేషన్ ఇన్‌స్పెక్టర్ మకాబె. "సెలవులాగే గడపండి."

"అలాగే అనుకున్నాను మకాబె గారూ. మీరు కాపలా కాసే వస్తువు పోతుందని టికెట్టు మీద రాయలేదు."

ఇద్దరూ ట్రైనింగులో ఒకే బ్యాచి. తుపాకీ కాల్చడంలో అతను ఫస్టు, మిగతా అన్నిట్లో ఆమె. ఆ సంగతి అతను మర్చిపోలేదు.

పోయిన వస్తువు గుడి అద్దం. టీ సాసరంత కంచు అద్దం. ఏడాదికొక్కసారి, ఉత్సవం రోజున, లాంచీ వెనక భాగంలో నల్ల పీట మీద సరస్సు వైపు తిప్పి నిలబెడతారు, నాగదేవుడు తన మొహం తాను చూసుకోవడానికి. నడి సరస్సులో పూజారి ఎర్రబీన్సు కలిపి వండిన అన్నం చెక్కతొట్టిలో పెట్టి నీళ్ళలోకి వదిలాడు. తొట్టి మునిగింది, తేలలేదు. దేవుడు పుచ్చుకున్నాడు. అక్కణ్ణించి లాంచీ రేవుకి తగిలేదాకా ఎవరూ వెనక్కి చూడకూడదు. లాంచీ హాలంతా చాపల మీద మోకరించి, చేతులు జోడించి, ముందుకి తిరిగి ఉంది. డప్పు మోగుతోంది. రేవు దగ్గరపడుతుండగా వెనకనించి, పీట ముందు కాపలా ఉన్న మకాబె అరిచాడు. పీట ఖాళీ.

"నా వీపే అటు తిరిగి ఉంది. అంగుళం కదల్లేదు," అన్నాడు మకాబె. "ఎవరో పిల్లిలా వచ్చారు. ఎవరంటే, మీరే ఆలోచించండి. వెనక్కి తిరిగి ఉన్న మనిషి లాంచీలో ఒక్కతే."

పసుపు జెండా పట్టుకుని గోడకి ఆనుకుని నిలబడ్డ గైడు వైపు గడ్డం ఎత్తి చూపించాడు.

అది నిజమే. సొనొబె కనాదె గైడు. గైడు యాత్రికులకి ఎదురుగా నిలబడుతుంది. వాళ్ళు ముందుకి చూస్తే ఆమె వెనక్కి చూస్తుంది. ఆమె పనే అది.

"పక్కనించి పెద్ద లాంచీ ఒకటి పోయి మన లాంచీ ఊగింది కదా, అప్పుడా పిల్ల వెనక వరస దాకా వచ్చింది. ఆ ఎర్రటోపీ పెద్దాయన చూశాడు. ఏం చూశావమ్మా అంటే ఏమీ చూడలేదంటుంది. నా జీపులో నోరు విప్పుతుంది."

"ఆమె దగ్గర అద్దం దొరికిందా?"

"అందరి సంచులూ వెతికాం. దొరకలేదు. మీ సామాను తప్ప. పోలీసువాళ్ళ కుటుంబం సామాను తడమడం మా స్టేషన్‌లో మర్యాద కాదు."

"థాంక్సండి," అంది చిజురు, వీలైనంత పుల్లగా.

కనాదె ముప్ఫై నిండని మనిషి. యాత్రలో అనుమానం పడ్డ గైడుని ఏ కంపెనీ మళ్ళీ బస్సెక్కించదు. నేరం రుజువు కానక్కర్లేదు, రేవులో పోలీసు జీపెక్కుతూ ఎవరి కంటైనా పడితే చాలు. ఆ సంగతి ఆమెకి తెలుసునన్నట్టు జెండా కర్ర చుట్టూ వేళ్ళు తెల్లబడేలా బిగించి ఉంది.

"బస్సు టైముకి నేను తేలుస్తాను. అప్పటిదాకా ఆమెని ముట్టుకోకండి," అంది చిజురు.

"ఐదింటి దాకా. మీ మొహం చూసి."

చిజురు ముందు అత్తగారి దగ్గరికి వెళ్ళింది. వెనక వరసలో, మోకాళ్ళ నొప్పి కోసం వేసిన పొట్టి స్టూలు మీద కూర్చుని ఉంది హత్సుయే గారు, ఒళ్ళో సంచి, సంచి మీద రెండు చేతులూ. ఉత్సవం మొదలయ్యే ముందే కోడల్ని, "ముందు వరసకెళ్ళి నా బదులు కూడా దండం పెట్టు" అని తరిమేసింది. లాంచీవాళ్ళు జాలిపడి అందరికీ వేడి టీ తెచ్చారు. ఆవిడ కప్పు అందుకుని తాగి పక్కన పెట్టింది.

"చిజురూ, యసువోకి ఫోన్ చెయ్యి. ఊపిరి ఎలా ఉందో అడుగు."

"ఇందాకే చేశాను అత్తయ్యా, రెండుసార్లు. పథ్యం మానేసి నూడుల్స్ తింటున్నాడు. మూడోసారి చేస్తే గిన్నె దాచేస్తాడు."

"మళ్ళీ చెయ్యి."

అలిసిపోయింది పాపం, అనుకుని చిజురు పీట దగ్గరికి నడిచింది.

పీట వెనక రెయిలింగు, ముందు మకాబె నిలబడ్డ చోటు. మధ్యలో పిల్లి పట్టేంత సందు. ఎవరైనా అద్దం తియ్యాలంటే మకాబె చొక్కా రాసుకునే తియ్యాలి. కదలకుండా నిలబడ్డ మనిషికి అది తెలియకపోవడం కుదరదు.

పీట నల్లరంగు మీద కొత్త గీత. అద్దాన్ని కట్టిన పట్టుతాడు ఒక కొసన తెగింది. చిజురు మోకాళ్ళ మీద కూర్చుని గీత వెంబడి వేలు జరిపింది. దొంగ లాగితే గీత లోపలికి, హాలు వైపు ఉండాలి. ఇది బయటికి, నీళ్ళ వైపు పోయింది. లాంచీ ఊగినప్పుడు అద్దం జారింది. అయితే నీళ్ళలో పడిందా? పీట మీది ఊదారంగు గుడ్డ పడలేదు. పడకపోగా, నాలుగు మడతలు పెట్టి, చివరి కొస లోపలికి దోపి, పీట పక్కన ఉంది. ఏ దొంగా గుడ్డ మడత పెట్టి వెళ్ళడు. ఆ కొస దోపడం ఎక్కడో చూసినట్టనిపించింది కానీ, ఎక్కడో తట్టలేదు.

ఆ పక్కనే మరుగుదొడ్డి. తలుపు తీసింది. లోపల వేసుకునే నీలం ప్లాస్టిక్ చెప్పులు రెండు జతలుండాలి. ఒక్క జతే ఉంది. మరుగుదొడ్డి చెప్పులు ఆ గడప దాటవు. అది చట్టం కాదు, అంతకంటే గట్టిది. చిజురు పక్కనే హాలు మూల వేలాడే తెర ఎత్తి చూసింది. రెండో జత అక్కడ, చాప మీద, ఒకటి బోర్లా, ఒకటి వెల్లకిలా.

మకాబెని పిలిచి తెర ఎత్తి పట్టుకుంది.

"ఇవి ఎవరివండీ?"

"లాంచీవాళ్ళవి."

"వాటంతట అవే నడిచొచ్చాయా?"

మకాబె తెర దించబోతే చిజురు దించనివ్వలేదు.

"ఇల్లు తగలబడుతున్నా మనవాళ్ళు ఈ చెప్పులు లోపలే విడిచి, తర్వాతివాళ్ళకి వీలుగా తిప్పి పెట్టి, అప్పుడు పరిగెడతారు. వీటితో ఎవరైనా చాప తొక్కారంటే మంటకంటే పెద్దదేదో చూసి ఉండాలి. తలుపు తీసేసరికి ఖాళీ పీట, అలాంటిది."

అతను తన మేజోళ్ళ వైపు చూసుకున్నాడు. చాలాసేపు చూసుకున్నాడు. "రాత్రి తిన్న ఆల్చిప్పలు..."

"వివరాలు వద్దు. ఎప్పుడు వెళ్ళారు?"

"డప్పు మొదలవగానే." గొంతు తగ్గించాడు. "ఇది పైవాళ్ళ దాకా పోనక్కర్లేదు."

"మీ ఆల్చిప్పల్ని నేను ఎక్కడికీ పంపను. ఆ అమ్మాయిని వదలండి."

ఓడిపోయిన మనిషి మొహం మీదకి మెల్లగా నవ్వు రావడం చిజురు చూసింది. ట్రైనింగు రోజుల్నించీ ఆ నవ్వు ఆమెకి గిట్టదు.

"వదలడమా? మీరిప్పుడే నా కేసు బిగించి ఇచ్చారు. నేను ఇక్కడ లేను. హాలంతా అటు తిరిగుంది. నేను లోపలికెళ్ళడం చూడగలిగింది ఆ పిల్ల ఒక్కతే. చూసింది, వచ్చింది, తీసింది. ఎక్కడ దాచిందో జీపులో చెబుతుంది. థాంక్స్ నగసె గారూ, నిజంగా."

ఈ రోజు థాంక్స్‌కి కరువు లేదు, అనుకుంది చిజురు.

ముసలి పూజారి హాలు మధ్యలో ఒంటరిగా కూర్చుని ఉన్నాడు. ఖాళీ చేతులు ఒళ్ళో ఎక్కడ పెట్టుకోవాలో తెలియనట్టున్నాడు.

"స్వామీ, ఒక్క మాట. వెనక్కి చూస్తే ఏమవుతుంది?"

"చిన్నప్పుడు మా తాత చెప్పేవాడమ్మా. సరస్సు ఇచ్చింది సరస్సు తీసేసుకుంటుందని. పంట ఇస్తే పంట. ప్రాణం ఇస్తే ప్రాణం."

"మీరు నమ్ముతారా?"

"అరవై ఏళ్ళుగా ఈ పని చేస్తున్నాను. ఒక్కసారీ వెనక్కి చూడలేదు. నమ్మకమో, మెడనొప్పో, ఇక తెలియదు."

చిజురు గైడు ముందుకెళ్ళి నిలబడింది.

"కనాదె గారూ. లాంచీ ఊగినప్పుడు మీరు వెనక వరస దాకా వెళ్ళారు."

"ముసలివాళ్ళు పడిపోతారని వెళ్ళాను."

"ఏం చూశారు?"

"ఏమీ చూడలేదండి. నేనూ మొక్కున్నదాన్నే. కళ్ళు మూసుకున్నాను."

"కళ్ళు మూసుకుని ఊగే లాంచీలో నడిచారా? వెళ్తూ వెళ్తూ 'ఎర్రటోపీ తాతగారూ, రెయిలింగు మీద వాలకండి' అన్నారు. ముందు వరసలో నాకు వినిపించింది. మూసిన కళ్ళకి టోపీ రంగు కూడా తెలిసిందా?"

కనాదె జెండా కర్ర వైపు చూసింది.

"మీరు తియ్యలేదని నాకు తెలుసు. తీసినవాళ్ళు ఎవరో మీకు తెలుసు. ఇంకాసేపట్లో మిమ్మల్ని జీపెక్కిస్తారు. రేపు మీకు ఉద్యోగం ఉండదు. ఎవరి కోసం?"

"వాళ్ళు దొంగతనం చెయ్యలేదండి," అంది కనాదె. అన్నాక పెదవి కొరుక్కుంది.

"వాళ్ళు అంటే?"

"నా బస్సులో వచ్చిన మనిషిని నా నోటితో పట్టివ్వలేను. అంతకంటే అడక్కండి." తనలో తను చెప్పుకుంటున్నట్టు, "ఈ ఉద్యోగంలో రోజూ నేనే అందర్నీ అడుగుతాను, తిన్నారా, తాగారా, సీటు బాగుందా అని. 'నువ్వు తిన్నావా పిల్లా' అని నన్ను ఈ రోజే అడిగారు. తన అన్నంముద్ద సగం విరిచి, నిలబడి తినకు అరగదు అని పక్కన కూర్చోబెట్టుకున్నారు" అంది.



ఆ అన్నంముద్ద ఈ పొద్దున చేసింది చిజురే. లోపల పులుపు రేగుపండు పెట్టింది. డబ్బాలో సర్దాక, దాన్ని కొంగల బొమ్మలున్న ఎర్రగుడ్డలో మూట కట్టింది అత్తగారు. చిజురు తల తిప్పి వెనక వరస వైపు చూసింది. స్టూలు పక్కన లంచి డబ్బా ఒట్టిగా ఉంది. దాని మీద గుడ్డ లేదు.

అప్పుడు తట్టింది ఆ కొస దోపడం ఎక్కడ చూసిందో. తన వంటింటి సొరుగులో. ఇరవై రెండేళ్ళుగా ప్రతి గిన్నెలగుడ్డా నాలుగు మడతలు, చివర కొస లోపలికి. టీ ఇచ్చిన మనిషికి ఆవిడ థాంక్స్ చెప్పలేదు. సిగ్నలు స్తంభానికి చెప్పిన మనిషి. యసువో ఊపిరి గురించి మూడుసార్లు అడిగింది. చంకలో పిల్లని పెట్టుకుని ఊరంతా వెతికానన్నమాట, అనుకుంది చిజురు. పైగా ఆ చంక వెతకనందుకు మకాబెకి థాంక్స్ కూడా చెప్పింది తను.

వెళ్ళి అత్తగారి పక్కన చాప మీద కూర్చుంది.

"అత్తయ్యా, డబ్బా గుడ్డ ఏదీ?"

హత్సుయే గారు సంచి మీద చేతులు తియ్యలేదు. పెదవులు కదిలీ కదలకుండా అంది. "వీపు చూపించి ఎలా వెళ్ళను చిజురూ? కొడుకుని తిరిగిచ్చినవాడికి? అందరూ కళ్ళు మూసుకున్నారు కదా, ఒక్క దండం పెట్టి తిరిగేద్దాం అనుకున్నాను. వంగాను. లాంచీ ఊగింది. తాడు తెగి అద్దం జారుతోంది. కాపలా మనిషి లేడు. పట్టుకున్నాను."

"మళ్ళీ పీట మీద పెట్టాల్సింది కదా."

"ఊగుతోంది కదా, మళ్ళీ పడుతుందని మూటగట్టాను. ఆ మనిషి రాగానే ఇద్దామనుకున్నాను. వస్తూనే దొంగ దొంగ అని అరిచాడు. ఇప్పుడు ఇస్తే వెనక్కి తిరిగానని అందరి ముందూ చెప్పాలి. చెబితే మొక్కు చెల్లనట్టే. యసువో గుండె..."

చిజురుకి ఒక దారి కనిపించింది. సంచి తను తీసుకోవచ్చు. అద్దాన్ని ఎవరూ చూడకుండా తెర వెనక చెప్పుల పక్కన పెట్టి, ఇక్కడ దొరికింది అనవచ్చు. మకాబె కిక్కురుమనలేడు, ఆల్చిప్పలున్నాయి. అందరూ ఐదింటికి బస్సెక్కుతారు. కానీ గైడు మీద పడ్డ మాట మాత్రం పోదు. తీసి, భయపడి, మళ్ళీ పెట్టేసింది అంటారు. ఆ మాట ఆమెకంటే ముందు కంపెనీకి చేరుతుంది.

చిజురు చెయ్యి సంచి దాకా పోయి ఆగింది.

"ఆ పిల్ల చూసింది అత్తయ్యా," అంది. "మీరు మూట కట్టడం చూసింది. గంట పైనుంచీ నిలబడి తిట్లు తింటోంది. మీ పేరు చెప్పలేదు."

హత్సుయే గారు మొదటిసారి తలెత్తింది. "నాకోసమా? ఎందుకూ?"

"సగం అన్నంముద్ద పెట్టారు కదా."

"అది నువ్వు చేసిన ముద్దే కదే."

"పెట్టింది మీరు."

అటు నుంచి మకాబె వస్తున్నాడు, గడియారం చూసుకుంటూ. కనాదెని జబ్బ పట్టుకుని గుమ్మం వైపు ఒక అడుగు వేయించాడు. "టైమైంది నగసె గారూ. ఈ అమ్మాయి బూట్లు ఎవరైనా తెచ్చి పెట్టండి."

"ఆగు నాయనా," అంది హత్సుయే గారు.

స్టూలు మీద చెయ్యి వేసుకుని, మోకాలు కలుక్కుమంటే ఓర్చుకుని లేచింది. చిజురు పట్టుకోబోతే వద్దంది. హాలు మధ్యదాకా నడిచి, పూజారి ఎదురుగా కూర్చుని, సంచిలోంచి కొంగల బొమ్మల మూట తీసి ముడి విప్పింది. కంచు అద్దం మీద రేవు వెలుగు పడింది. మకాబె చెయ్యి కనాదె జబ్బ మీంచి దానంతటదే జారింది.

"నేను వెనక్కి తిరిగాను స్వామీ," అంది హత్సుయే గారు, వెనక వరస దాకా వినిపించేలా. లాంచీ ఊగడం, తాడు తెగడం, తను పట్టుకోవడం, మూట కట్టడం, ఒకదాని తర్వాత ఒకటి చెప్పింది. దాచలేదు, పెంచలేదు. ఎవరి ఆల్చిప్పల సంగతీ ఆవిడకి తెలియదు కాబట్టి అదొక్కటి చెప్పలేదు.

"అయితే దొంగతనమే కదా," అన్నాడు మకాబె, బలహీనంగా.

చిజురు తెర వైపు ఒక్క చూపు చూసింది. అతను కనాదె దారిలోంచి పక్కకి తప్పుకున్నాడు.

పూజారి అద్దాన్ని రెండు చేతులా ఎత్తి చూసుకున్నాడు. గీత కూడా లేదు. నుదురు చాపకి ఆనేదాకా వంగాడు. "మీరు తిరగకపోతే ఇది ఈపాటికి సరస్సు అడుగున ఉండేదమ్మా. మా తాత ఏం చెప్పినా సరే. ఊరంతా మీకు రుణపడి ఉంది. ధన్యవాదాలు."

అందరికీ ఇచ్చే మాట తన దగ్గరికే వస్తే ఏం చెయ్యాలో హత్సుయే గారికి తెలిసినట్టు లేదు. తల అడ్డంగా ఊపింది.

"నాకొద్దు స్వామీ ఆ మాట. అద్దం పట్టుకోవడం తప్పు కాదు. వెనక్కి తిరగడం తప్పో కాదో సరస్సూ నేనూ చూసుకుంటాం. నా కొడుకు నూడుల్స్ తింటున్నాడట, అదీ చూసుకుంటాం." మోకాళ్ళ మీదే మెల్లగా పక్కకి తిరిగింది, పసుపు జెండా పట్టుకుని ఏడుపు ఆపుకుంటున్న కనాదె వైపు. చేతులు చాప మీద ఆనించింది.

"అన్నం పెట్టిన చేత్తోనే నిన్ను దొంగల్లో నిలబెట్టి, టీ తాగుతూ కూర్చున్నాను తల్లీ," అంది. ఇరవై రెండేళ్ళుగా వినని మాట వస్తోందని ఎలా తెలిసిందో చిజురుకే తెలియదు.

"నాదే తప్పు."